పొడి రాలని గీత

పిల్లలూ, ఈ కథ మీరు వినలేదు. దాచిపెట్టాలని కాదు, సరిగ్గా చెప్పగలనో లేదోనని ఇన్నేళ్లూ ఆగాను. మీరు పుట్టింది ఈ మంచుదేశంలో. ఇక్కడ ఇళ్లు చెక్కవి, చర్చీలు చెక్కవి, దెయ్యాలు కూడా అడవిలోనే తిరుగుతాయట. రాతిలో ఉండే భయం మీకు తెలియదు. మీ నాన్న ఇక్కడి బిషప్పుగారి కోసం కడుతున్న గోడ ఇంకా మీ భుజాలదాకే లేచింది. అది తల దాటకముందే మీకిది తెలియాలి.

నేను కళ్లారా చూసింది కాదు. మా అమ్మ చెప్పింది. అమ్మ ఆ రోజుల్లో సున్నపు బట్టీ దగ్గర నీళ్లు మోసేది. ఈ కథలో మీరు వినబోయే మరోయి ఆమె పక్కనే పనిచేసింది. అమ్మ చెప్పని చోట నేను నా మాట కలపలేదు.

ఆర్నెల్ అనే మా ఊళ్లో పెద్ద చర్చి పని మొదలై అప్పటికి నలభై ఏళ్లు. మొదటి రాయి వేసినప్పుడు పెళ్లికూతుళ్లుగా ఉన్నవాళ్లు ముసలమ్మలయ్యారు. పని సగమే అయింది.

చర్చికి ఉత్తరం వైపు, చిన్న తలుపు పైన, ఒక గది ఉంది. గీతల గది అనేవారు. మెలి తిరిగిన మెట్లు నలభై ఒకటి ఎక్కాలి. లోపల బల్ల లేదు, పీట లేదు. నేలంతా తెల్లటి గచ్చు. పెద్దమేస్త్రి ఆ గచ్చు మీద మోకాళ్లూని, మనిషంత కంపాసు తిప్పి, పైన కట్టబోయే కమాను ఎంత ఉంటుందో అంతదీ ఇనుప ములికితో గీసేవాడు. ఆ గీత మీద పలక పెట్టి అచ్చు కోస్తారు. ఆ అచ్చు చూసి కింద రాయి చెక్కుతారు. గదిలో గీత తప్పితే పైన కప్పు తప్పుతుంది.

నేల గీతలతో నిండిపోతే మళ్లీ పల్చగా కొత్త గచ్చు పూస్తారు. పాత గీతలు కింద పడుకుంటాయి.

మొదటి మేస్త్రి తియెరి చచ్చిపోయింది ఆ గదిలోనే. అప్పట్నుంచీ సాయంకాలం ప్రార్థన గంట కొట్టాక ఆ మెట్లెక్కే మొగాడు ఊళ్లో లేడు. లోపల ములికి గీరిన చప్పుడు వినపడుతుందట... ఒకసారి కాదు, ఆగి ఆగి. ఊళ్లో తల్లులు పిల్లల్ని అన్నం దగ్గర అదిలించేవాళ్లు — "తింటావా, గీతలాయన్ని పిలవనా?" అని.

ఇక జరిగింది వినండి.

నవంబరు మొదట్లో చనిపోయినవాళ్ల కోసం చేసే ఆత్మల పండుగ వెళ్లి మూడు వారాలు దాటాక, ఉత్తరం వైపు కమానుకు చెక్కిన పన్నెండు రాళ్లను బరువులెత్తే చక్రం మీద పైకెత్తారు. మొదటిది కూర్చోలేదు. రెండోదీ కూర్చోలేదు. ప్రతి రాయీ ఒక వేలెడు తేడా.

పెద్దమేస్త్రి ఆంగెరాన్ పరంజా దిగి వచ్చాడు. వయసులో ఉన్నవాడు, కోపం ముక్కు మీదే ఉంటుంది.

"ఈ అచ్చు కోసిందెవరు?"

"నేనే," అన్నాడు విబేర్. మరోయి తమ్ముడు. ఒక కాలు చిన్నప్పుడే బండి కింద నలిగింది. అచ్చులు కోసే కత్తిపని తప్ప వేరే పని చేతకాదు, చేయలేడు కూడా. "గీత ఉంది. గీత మీదే కోశాను మేస్త్రిగారూ."

"ఏ గీత?"

అందరూ మెట్లెక్కారు. విబేర్ నేల మీద వేలితో తడిమి చూపించాడు. వాడెప్పుడూ అంతే, కంటితో కాకుండా వేళ్లతో గీత వెతికేవాడు. మేస్త్రి గీసిన కమాను పక్కనే, వేలెడు దూరంలో, ఇంకో వంపు. సన్నగా. చక్కగా.

"ఇది నేను గీయలేదు," అన్నాడు ఆంగెరాన్.

"మరి పిల్లులు గీశాయా?" అన్నాడు విబేర్.

"నోరు మూసుకో!" మేస్త్రి మరోయి వైపు తిరిగాడు. ఆ నేల మీద గచ్చు పూసేది ఆమే. మొగుడు పోయాక ఆ పని ఆమె చేతికి వచ్చింది. "నీ గచ్చు పగిలిందేమో చూడమ్మా."

మరోయి వంగైనా చూడలేదు. "నా గచ్చు పగలదు," అంది. "పదిహేనేళ్లుగా పోస్తున్నాను, ఒక్క చీలిక చూపించండి. అయినా పగులు వంకరటింకరగా పోతుంది. ఇది కంపాసు తిప్పినట్టుంది. ఎవరో గీసిందే."

అమ్మ అక్కడ ఆగి, ప్రతిసారీ ఒకే మాట అనేది — "ఆ ఒక్క ముక్క అనకుండా ఉంటే సరిపోయేది" అని.

అప్పుడే ఎవరో అన్నారు, నెమ్మదిగా... "పొడి ఏదీ?"

ఇనుప ములికితో గచ్చు మీద గీస్తే తెల్లటి పొడి రాలుతుంది. ఎంత ఊదినా గీతలో కొంత మిగులుతుంది. ఈ గీతలో పొడి లేదు. ఒక్క రేణువు కూడా.

చూస్తుండగానే గది ఖాళీ అయింది.

కట్టడం చూసుకునే పెద్ద ఫాదరు గొస్విన్ అయ్యగారికి మాత్రం దెయ్యాలతో పనిలేదు. "చచ్చినవాడు కంపాసు పట్టడు," అన్నారు. "ఈ నెలాఖరున అంద్రెయ పండుగకి బిషప్పుగారు వస్తున్నారు. ఉత్తరం వైపు కప్పు కింద ఊరంతా నిలబడి మొదటి పూజ చూస్తుంది. ఆలోపు గీసినవాడు దొరకాలి. దొరక్కపోతే కోసినవాడే గీసినవాడు. వాడి కత్తి గుమ్మంలో విరగ్గొట్టి, చర్చి కడుతున్న ప్రతి ఊరికీ కబురు పంపిస్తాం."

కుంటివాడు, కత్తి విరిగినవాడు, నవంబరు చలిలో ఏ ఊరికి పోతాడు?

గీసిందని తేల్చింది అక్కే. ఎవరు గీశారో తేల్చాల్సింది కూడా ఇక ఆమే.

బట్టీ దగ్గర ఆడవాళ్లు అప్పటికే నోళ్లకి పని చెప్పారు. "తాగి కోసుంటాడు." "కాదే, మేస్త్రికి తన బావమరిదిని తెచ్చుకోవాలని ఉందట, ఆయనే గీసి వీడి మీద తోశాడు." "ఆ గది తాళంచెవులు రెండే కదా. ఒకటి మేస్త్రి నడుముకి. ఇంకోటి?"

ఇంకోటి మరోయి ఇంట్లో, పొయ్యి పక్క మేకుకి.

అమ్మ నీళ్లకుండ దించి మెల్లిగా అడిగింది. "వదినా, నిజం చెప్పు. నీకెవరి మీద అనుమానం?"

"అందరి మీదా," అంది మరోయి. సున్నం కలుపుతూనే ఉంది.

అందరూ అంటే... అందరూ. ఆ సాయంత్రం ఆమె ఇంటికి వెళ్లేసరికి పొయ్యి మీద బఠానీల జావ ఉడుకుతోంది. తమ్ముడు లేడు. మేకు వైపు చూసింది. తాళంచెవి ఉంది. కానీ ఆమె ఎప్పుడూ పళ్లు గోడవైపు పెట్టి తగిలిస్తుంది. ఇప్పుడు పళ్లు ఇటు తిరిగి ఉన్నాయి.

కాసేపటికి విబేర్ వచ్చాడు. కూర్చుని రొట్టె తుంచుకున్నాడు. రెండు మోకాళ్లూ తెల్లగా ఉన్నాయి.

"ఎక్కడికెళ్లావురా?"

"ఎక్కడికీ లేదక్కా."

"మోకాళ్లకి ఏంటది?"

వాడు కిందకి చూసి దులుపుకున్నాడు. "పిండి."

ఇంట్లో పిండి అయిపోయి నాలుగు రోజులైంది. మరోయి ఇంకేమీ అడగలేదు. అడిగితే చెప్పేస్తాడేమోనని భయం. ఎత్తుకుని పెంచిన తమ్ముడు. వాడి నోటితో వినడం కన్నా, తన కళ్లతో చూసి, ఆ తర్వాత ఏం చేయాలో ఆలోచించుకోవడం నయమనుకుంది.

మర్నాడు పగలు, పనివాళ్లు కింద ఉండగా, ఒక్కతే పైకి వెళ్లింది. తలుపు నేలకి ఒరుసుకుని ఓ పట్టాన తెరుచుకోలేదు. గడప మీద కొత్తగా గీరుకుపోయిన మచ్చ. ఎవరో బలవంతంగా తెరిచి ఉంటారు... ఆ మచ్చ కూడా అనుమానాల మూటలో వేసుకుంది.

దొంగగీత మీద పల్చగా కొత్త గచ్చు పూసింది. అరచేత్తో నున్నగా రుద్దింది. తాళం వేసి, మెట్ల మీద పైనుంచి కిందదాకా జల్లెడ పట్టిన బూడిద చల్లింది. తాళంచెవి ఆ రాత్రి తన రొమ్ము దగ్గర దాచుకుని పడుకుంది.

తెల్లవారాక మేస్త్రిని వెంటబెట్టుకుని వెళ్లింది. బూడిద మీద అడుగు లేదు. పిల్లి అడుగు కూడా లేదు. తాళం వేసినట్టే ఉంది.

లోపల... గీత ఉంది.

అదే వంపు, అదే చోట. నిన్నటికన్నా జానెడు పొడవుగా. పొడి లేదు.

ఆంగెరాన్ శిలువ గుర్తు వేసుకున్నాడు. తర్వాత ఆమె ముఖంలోకి అదోలా చూశాడు. "గచ్చు పూసిందీ నువ్వే. బూడిద చల్లిందీ నువ్వే. తాళంచెవీ నీ దగ్గరే."

"మీ దగ్గరా ఒకటుంది కదా మేస్త్రిగారూ."

ఇద్దరూ ఒకరిని ముందు దిగమని ఒకరు ఆగారు. ఎవరూ ఎవరికీ వీపు చూపించదలచుకోలేదు.

మధ్యాహ్నానికి ఈ సంగతి అయ్యగారి చెవిన పడింది. "అక్కాతమ్ముళ్లిద్దరూ కలిసి ఆడుతున్న నాటకం," అన్నారాయన.

పండుగ ఇంక రెండు రోజులు.

ఆ సాయంత్రం ప్రార్థన గంట మోగింది. నవంబరు చివర మా ఊళ్లో ఆ గంటకే చీకటి పడిపోతుంది. పనివాళ్లు మంచుకి పగలకుండా గోడల నెత్తిన గడ్డీ పేడా కప్పడం ముగించి దిగిపోయారు. చక్రం ఆగింది. సుత్తులు ఆగాయి. మరోయి అద్దాలకి బదులు పల్చటి కొమ్ముపలకలు బిగించిన లాంతరు కొంగు చాటున పెట్టుకుని మెట్లెక్కింది.

ఒకటి... పది... ఇరవై... నలభై ఒకటి.

తలుపు ఈసారి మరీ మొరాయించింది. భుజంతో నెట్టింది. లోపలికి వెళ్లి, లాంతరు మూలన పెట్టి, గీత పక్కనే నేల మీద పడుకుంది. కూర్చుంటే కునుకు పడుతుందేమోనని చెంప గచ్చుకి ఆనించింది. గచ్చు మంచులా ఉంది.

చాలాసేపు ఏమీ లేదు.

తర్వాత వినపడింది. చెవి కిందే. గర్ర్... ఆగింది. గర్ర్... ఆగింది. ఇనుప ములికి గీరినట్టు.

గదిలో ఎవరూ లేరు. లాంతరు వెలుగు నాలుగు గోడలకీ అందుతోంది. తియెరి ముసలాయన మీద మరోయికి కోపమెప్పుడూ లేదు. చిన్నప్పుడు ఆయన చేతి ఎండుపళ్లు తిన్న పిల్లే. "తాతా," అంది లోపల్లోపలే, "నువ్వే అయితే చెప్పు. నువ్వే అయితే ఎంత బాగుణ్ణు."

అప్పుడు మెట్ల మీద చప్పుడు.

అడుగు... ఈడ్పు.

అడుగు... ఈడ్పు.

దెయ్యమైతే బాగుండునని మరోయి నిజంగా కోరుకుంది. ఆ ఈడ్పు ఆమెకి తెలుసు. ముప్పై ఏళ్లుగా ఇంట్లో వింటున్నదే. లాంతరు మీద కొంగు కప్పేసింది.

తలుపు గీరుకుంటూ తెరుచుకుంది. చీకట్లో మనిషి మోకాళ్ల మీద కూలబడ్డాడు. చెయ్యి నేల తడుముతోంది. గీత వెతుకుతోంది...

"దొంగవెధవా!" అంటూ మరోయి ఆ మణికట్టు పట్టుకుంది.

వాడు పెట్టిన కేక మూడు వీధుల అవతల వినిపించి ఉంటుంది.

"అక్కా! నువ్వా! నువ్వేనా!" వాడికి ఏడుపు వచ్చేసింది. "నాకు తెలుసు. నాకు తెలుసు, కానీ నమ్మలేదు..."

"ఏం తెలుసురా నీకు?"

"నువ్వే గీస్తున్నావని."

మరోయి చెయ్యి వదిలేసింది. "నేనా?"

"మేకుకి తాళంచెవి లేదు. మొన్న కూడా నువ్వు లేనప్పుడు తీసుకుని వచ్చాను, ఎవరు వస్తారో చూద్దామని. గచ్చు నీది, తాళంచెవి నీది. అందరి ముందూ ఎవరో గీశారన్నావు. నేను వెళ్లిపోతే ఇల్లు నీకు మిగులుతుందని..."

"ఛీ! నోటికి పురుగులు పడతాయిరా! ఆ గడ్డి కప్పు కోసమా?"

"మరి నువ్వెందుకొచ్చావు?"

మరోయి గొణిగింది. "నిన్ను పట్టుకోవడానికి."

ఇద్దరూ చీకట్లో ఒకరినొకరు చూసుకోవడానికి ప్రయత్నించారు. ముందు విబేరే నవ్వాడు, ముక్కు ఎగబీలుస్తూ. ఆమె కూడా నవ్వబోయింది —

టిక్.

నవ్వు ఆగిపోయింది.

మరోయి లాంతరు మీద కొంగు తీసింది. ఇద్దరి చేతులూ నేల మీద లేవు. వాళ్ల మధ్య, గచ్చు మీద, గీత కొస... కదిలింది. ఎవరూ ముట్టుకోలేదు. ములికి లేదు. పొడి లేదు. వంపు తిరుగుతూ, కంపాసు తిప్పుతున్నట్టుగా, వేలెడు ముందుకి వచ్చి ఆగింది.

విబేర్ గోడకి అతుక్కుపోయి ప్రార్థన మొదలుపెట్టాడు. మాటలు తడబడుతున్నాయి.

మరోయి కూడా పారిపోయేదే. కానీ గచ్చు ఆమెది. పదిహేనేళ్ల అలవాటు చెయ్యిని ముందుకి తోసింది. బొటనవేలి గోరు గీతకి అడ్డంగా పెట్టి లాగింది. ఇటునుంచి అటు... గోరు జారిపోయింది. అటునుంచి ఇటు... గోరు తట్టుకుంది.

మళ్లీ లాగింది. మళ్లీ తట్టుకుంది.

గీతకి ఒక పెదవి ఎత్తుగా ఉంది.

ములికితో గీసిన గీతకి రెండు వైపులూ సమంగా ఉంటాయి. ఒక వైపు దిగిందంటే అది గీత కాదు.

"విబేర్," అంది. "నా గచ్చు పగిలింది."

"ఏంటి?"

"పగులురా ఇది. నేల దిగుతోంది. ఆ తలుపు కూడా ఎవరో నెట్టి కాదు, గడప కుంగి మొరాయిస్తోంది." ఆమె కిందకి చూసింది, గచ్చులోంచి చూడగలిగినట్టు. "మన కింద ఏముంది?"

విబేర్ ప్రార్థన ఆపేశాడు. ఆ ప్రశ్నకి ఊళ్లో ఎవరైనా జవాబు చెప్పగలరు. ఆ గది నేలని మోస్తున్నది ఉత్తరం వైపు పెద్ద స్తంభం. కొత్త కప్పుని మోస్తున్నదీ అదే. ఎల్లుండి పొద్దున ఆ కప్పు కింద ఊరంతా.

మరోయికి ఆ కప్పు అంటే ఎంత ఇష్టమో అమ్మ చెప్పేది. మా ఊళ్లో రాతి కప్పు కింద నిద్రపోయేది దొరగారూ బిషప్పుగారూ మాత్రమే. మిగతా అందరివీ గడ్డి కప్పులే, వాన వస్తే కుండలు పెట్టుకోవాల్సిందే. ఆ చర్చి ఒక్కటే అందరిదీ. కిటికీ అద్దాల్లోంచి పడే ఎర్రటి వెలుగు జావ తాగేవాడి నెత్తి మీదా పడుతుంది, దొర నెత్తి మీదా పడుతుంది. దాని కోసమే నలభై ఏళ్లు అందరూ రాళ్లు మోశారు.

తెల్లవారకముందే ఆమె పనివాళ్ల పాకలోకి వెళ్లింది. అందరూ మంట చుట్టూ ఎండుచేపలు కాల్చుకుంటున్నారు. మేస్త్రి మధ్యలో కూర్చున్నాడు.

"నా గచ్చు పగిలింది మేస్త్రిగారూ," అంది అందరి ముందూ.

ఎవరో పకపకా నవ్వారు. "పదిహేనేళ్లకి ఒప్పుకుందిరోయ్! గంటలు కొట్టండిరా!"

"నవ్వండి. నవ్వడం అయ్యాక తూకం గుండు తెచ్చుకుని రండి. ఉత్తరం స్తంభం కుంగుతోంది."

ఆంగెరాన్ చేప కింద పెట్టాడు. "తమ్ముణ్ణి కాపాడుకోవడానికి చెబుతున్నావు."

"అవును. వాడి కోసమే. అయితే గుండు నా తమ్ముడికి చుట్టం కాదు కదా. దించి చూడండి."

పైనుంచి తాడు దించారు. సీసపు గుండు నెమ్మదిగా ఊగి, ఊగి, నిలబడింది. స్తంభం పాదంలో తియెరి కాలంలో ఉలితో చెక్కిన గుర్తు ఉంది, గుండు నిలవాల్సిన చోటు. దానికి నాలుగు వేళ్ల దూరంలో నిలిచింది.

మేస్త్రి ముఖం సున్నం కొట్టినట్టయింది. స్తంభానికి చెయ్యి ఆనించి అలాగే నిలబడ్డాడు, జ్వరం చూస్తున్నట్టు.

గొస్విన్ అయ్యగారు ఒప్పుకోలేదు. "బిషప్పుగారు దారిలో ఉన్నారు. పూజ ఆగదు."

"అయితే మీరొక్కరే లోపల చెయ్యండి అయ్యగారూ," అన్నాడు ఆంగెరాన్. "మేమంతా బయటినుంచి వింటాం."

అయ్యగారు ఒకసారి పైకి చూశారు. అంద్రెయ పండుగ పూజ ఆరుబయట, గాలివానలో జరిగింది. బిషప్పుగారికి జలుబు చేసింది. రొట్టె పంచే వేళకి లోపల ధబ్బుమని చప్పుడు. తలుపులోంచి తొంగి చూశారు. పూజకి వేసిన ఖాళీ బల్లల మీద, కప్పులోంచి ఊడి, దూడంత రాయి పడి ఉంది.

ఆ వారమంతా ఓక్ దుంగలు తెచ్చి స్తంభానికి ఊతాలు పెట్టారు. పునాది పక్కన తవ్వితే ఏటి బురద తగిలింది. కట్టిన కప్పు విప్పి, పునాది మళ్లీ వేసి, మళ్లీ కట్టడానికి ఆరేళ్లు పట్టిందట. అయ్యగారు విబేర్‌ని పిలిచి, గొడవ మొదలైన రోజు లాక్కున్న కత్తి చేతికిచ్చారు. తప్పయిందని అనలేదు. "తుప్పు పట్టింది, సానపెట్టుకో," అన్నారు. వాడికి అది చాలు. మర్నాడే పనిలోకి వెళ్లాడు.

ఇక్కడితో ఆపితే మీరు హాయిగా నిద్రపోతారు. కానీ అమ్మ ఇక్కడ ఆపలేదు. నేను ఆపితే అబద్ధమవుతుంది.

క్రిస్మస్‌కి వారం ముందు, పట్టపగలు, ఆంగెరాన్ ఆ గదిలోకి మరోయినీ విబేర్‌నీ పిలిచాడు. ఆయనకి ఒక సంగతి కొరుకుడు పడలేదు. పగులు వంకర పోవాలి. ఇది ఎందుకు గుండ్రంగా పోయింది?

"కింద పాత గీత ఏదైనా ఉండాలి," అంది మరోయి. "లోతుగా గీసిన గీత ఉంటే గచ్చు అక్కడే బలహీనం. పగులు ఆ దారే పడుతుంది." ఆమెకి కొంచెం గర్వం తిరిగొచ్చింది.

తాపీతో పొర తీసింది. ఏమీ లేదు. ఇంకో పొర. ఇంకోటి. విబేర్ లెక్క పెడుతున్నాడు. తొమ్మిదో పొర దగ్గర తాపీ ఆగింది. ఉంది. లోతైన గీత, పాతది, పసుపెక్కినది. సరిగ్గా పగులు కిందే.

"తియెరి చేతిది," అన్నాడు ఆంగెరాన్. "ఆయనే ఇంత లోతుగా నొక్కేవాడు." ముగ్గురి గుండెలూ కుదుటపడ్డాయి. చూశారా, అంతే. చచ్చినవాడి పాత గీత, దాని మీద పగులు. దెయ్యమూ లేదు, గియ్యమూ లేదు.

మరోయి గీత వెంట పొర తీసుకుంటూ పోయింది. కమాను సగందాకా వచ్చింది.

అక్కడ పాత గీత... ఆగిపోయింది.

కొసన ములికి పక్కకి జారిన చిన్న గీరు. కంపాసు పట్టుకున్న చెయ్యి ఒక్కసారిగా పడిపోతే ఎలా ఉంటుందో, అలా. ఆ తర్వాత గచ్చు ఖాళీ. నున్నగా ఉంది. ఏ ములికీ ఎప్పుడూ తాకని గచ్చు.

తియెరి చచ్చిపోయిన రోజు గీస్తున్నది ఇదేనని ముగ్గురికీ అర్థమైంది.

కానీ పగులు ఆగలేదు. ఆ ఖాళీ గచ్చు మీదుగా, దారి చూపే గీత ఏదీ లేకుండా, గోడదాకా పోయింది. వంపు తిరుగుతూ.

ఆంగెరాన్ పెద్ద కంపాసు అందుకున్నాడు. తియెరి కంపాసు కాలు నాటిన పాత చిల్లు వెతికి, అందులోనే తన కంపాసు కాలు పెట్టాడు. రెండో కాలు పగులులో ఆనించి తిప్పాడు. పాత గీత ఉన్నంత మేరా ములికి పగులులోనే నడిచింది. అది ఆగిన చోటు దాటింది... నడిచింది. ఖాళీ గచ్చు మీదుగా... నడిచింది. గోడకి తగిలి ఆగింది. మొదటినుంచి చివరిదాకా ఒక్కసారి కూడా బయటికి జారలేదు. వెంట్రుకవాసి తేడా లేదు.

మేస్త్రి మరోయి వైపు తిరిగాడు. "పగులు వంకర పోవాలి కదమ్మా?"

"పోవాలి," అంది మరోయి.

విబేర్ గుసగుసగా అడిగాడు. "మేస్త్రిగారూ... దీని మీద అచ్చు కోయనా?"

ఆంగెరాన్ వాడి వైపు చూశాడు. అవుననలేదు, కాదనలేదు. కంపాసు అక్కడే వదిలేసి మెట్లు దిగి వెళ్లిపోయాడు. విబేర్ పలక తెచ్చుకుని, మోకాళ్ల మీద కూర్చుని, ఒక వేలు గీత మీద పెట్టాడు.

పిల్లలూ, నాకు తెలిసింది ఇంతే. మీకు పిల్లలు పుట్టాక, వాళ్లు రాతి కప్పు కింద నిలబడే వయసు వచ్చాక, వాళ్లకి ఇది చెప్పండి. భయం ఎక్కువ చేసి చెప్పకండి, తక్కువ చేసీ చెప్పకండి. ఆ గదిలో ఎవరో ఉన్నారని చెప్పవద్దు. ఎవరూ లేరని కూడా చెప్పవద్దు.